శాస్త్రవార్త లోకమునకు చేరు విధము

దాచినకొలది తరుగునది, పంచినకొలది పెరుగునది విద్య యని మన పెద్దలు చెప్పుదురు. ఈ మాట వినుటకు సులభమే. కాని పంచుటకు ఒక మార్గము, పంచువానికి ఒక ప్రయోజనము, పుచ్చుకొనువానికి ఒక హక్కు ఏర్పడుటకు మానవజాతికి కొన్ని శతాబ్దములు పట్టినది. శాస్త్రజ్ఞుడు తన పరిశోధనశాలలో కనుగొనిన సత్యము ఆ గదిలోనే యుండిపోయినచో లోకమునకు దానివలన ఫలము లేదు. అది పదిమందికి తెలియవలెను. తెలిసినవారు దానిని పరీక్షింపవలెను. పరీక్షకు నిలిచినదానిని తరువాతివారు ఆధారముగా గైకొనవలెను. ఈ మూడింటికొరకు ఏర్పడినదే శాస్త్ర ప్రకటన. దాని చరిత్ర గ్రంథాలయముల చరిత్రకు తోబుట్టువు వంటిది. కావున మన గ్రంథాలయ రజతోత్సవ సంచికలో దానిని కొంత ముచ్చటించుకొనుట అప్రస్తుతము కాదని తలచుచున్నాను.

గూఢాక్షరముల కాలము

1610లో ఇటలీ దేశస్థుడగు గెలీలియో తన దూరదర్శినితో శనిగ్రహమును చూచెను. ఆ గ్రహమున కిరువైపుల రెండు చిన్న గోళము లున్నట్లు ఆయనకు తోచెను. వెంటనే ప్రకటింపవలెనన్న, ఇంకను నిశ్చయము కలుగలేదు. ఊరకుండిన, మరియొకడు ముందుగా చెప్పి కీర్తి గొనిపోవునను భయము. అందుచే ఆయన తన సంగతిని ఒక లాటిన్ వాక్యముగా కూర్చి, అందలి అక్షరములను తారుమారు చేసి, అర్థము కాని ఆ వరుసను మిత్రులకు పంపెను. అది కెప్లరు మహాశయునకు చేరినది. ఆయన ఆ ముడిని విప్పబూని, అంగారకునకు రెండు చంద్రులు కలరని చెప్పినట్లు పొరబడి చదువుకొనెను. ఇంగ్లండులో రాబర్ట్ హుక్ స్ప్రింగు సాగుటకు సంబంధించిన తన సూత్రమును 1676లో ఇట్లే అక్షరముల మూటగా ప్రకటించి, 1678లో గాని దాని యర్థము వెల్లడింపలేదు.

నేడు మనకు ఇది వింతగా తోచును. కాని ఆనాటివారిని నిందింప బనిలేదు. చెప్పినవాడు నష్టపడి, దాచినవాడు లాభపడు లోకములో ఎవరైనను దాచుకొనుటకే చూతురు.

పత్రికల పుట్టుక

ఈ స్థితిని మార్చిన సంవత్సరము 1665. ఆ యేడు జనవరి 5వ తేదీన పారిస్ నగరమున ఒక విద్వత్పత్రికయు, మార్చి 6వ తేదీన లండనులో 'ఫిలసాఫికల్ ట్రాన్సాక్షన్స్' అను పత్రికయు వెలువడినవి. రెండవదానిని నడిపినవాడు రాయల్ సొసైటీ కార్యదర్శి హెన్రీ ఓల్డెన్‌బర్గ్. ఐరోపా ఖండమున అనేకమంది పండితులతో ఆయనకు ఉత్తర ప్రత్యుత్తరములు జరుగుచుండెను. వచ్చిన లేఖలలో సారమైనవానిని అచ్చువేయించి అందరికి అందునట్లు చేసెను. ఎవరి లేఖ ఎన్నడు చేరినదో నమోదు చేయు పద్ధతి కూడ నెలకొన్నది. దీనివలన ముందుగా చెప్పినవానికే కీర్తి దక్కును గాని, ముందుగా కనుగొని దాచినవానికి దక్కదు. ఆ విధముగా శాస్త్రజ్ఞుని స్వార్థమే లోకహితమునకు బండి లాగునట్లయ్యెను.

ఈ పత్రిక చేసిన మేలుకు ఒక్క ఉదాహరణము చాలును. హాలండు దేశమున డెల్ఫ్ట్ పట్టణములో లేవెన్‌హుక్ అను బట్టల వర్తకుడు స్వయముగా కటకములు సానబట్టి, వానితో నీటిబొట్టులోని సూక్ష్మజీవులను చూచెను. ఆయనకు పండిత భాషయగు లాటిన్ రాదు. మాతృభాషయగు డచ్చిలోనే లేఖలు వ్రాసెను. వానిని ఇంగ్లీషులోనికి మార్చి 1673 నుండి పత్రికలో ప్రకటించుచు వచ్చిరి. సూక్ష్మజీవులను గూర్చిన లేఖ 1677లో అచ్చయినది. పెక్కుమంది నమ్మలేదు. ఆ సంవత్సరమే హుక్ తానుగా ఆ ప్రయోగమును చేసి చూచి, వర్తకుడు చెప్పినది నిజమేనని సొసైటీ సభ్యులకు చూపెను. విశ్వవిద్యాలయపు గడప త్రొక్కనివాని మాట, తన భాషలో చెప్పిన మాట, అచ్చులోనికి వచ్చి, పరీక్షకు నిలిచి శాస్త్రమైనది. శాస్త్ర ప్రకటన యొక్క మూడు ధర్మములును, అనగా అందించుట, పరీక్షించుట, నిలువజేయుట, ఇందు మనకు కనబడును. భాషాంతరీకరణము కూడ ఆ పనిలో భాగమే యని మనము గుర్తుంచుకొనవలెను.

మనవారి యనుభవము

మన దేశమునను ఈ సంగతి తెలిసినవారు కలరు. 1928 ఫిబ్రవరి 28న కలకత్తాలో సి. వి. రామన్ గారు తమ పేర ప్రసిద్ధమైన కాంతి ఫలితమును నిర్ధారణ చేసిరి. మార్చి 16న బెంగుళూరులో దానిని గూర్చి ఉపన్యసించి, ఆ ఉపన్యాసమును జాగుసేయక అచ్చువేయించి, ప్రతులను దేశదేశముల శాస్త్రజ్ఞులకు పంపిరి. ఆ కాలముననే మాస్కోలో ఇద్దరు రష్యను శాస్త్రజ్ఞులు అదే విషయమును చూచియుండిరి. కాని వారి ప్రకటన ఆలస్యమైనది. 1930లో నోబెల్ బహుమానము రామన్ గారి కొక్కరికే వచ్చెను.

భీమవరమున జన్మించిన యెల్లాప్రగడ సుబ్బారావు గారు అమెరికాలో ఫిస్కే అను ఆచార్యునితో గూడి, శరీరద్రవములలో భాస్వరమును కొలుచు పద్ధతిని 1925లో జీవరసాయన పత్రికలో ప్రకటించిరి. అది వారిరువురి పేర నేటికిని పిలువబడుచున్నది. కండరములకు శక్తినిచ్చు ఏటీపీ అను పదార్థమును వారు వెల్లడించిన 1929లోనే జర్మనీలో లోమన్ అను శాస్త్రజ్ఞుడును దానిని ప్రకటించెను. రెండు దేశములలో, ఒకరినొకరు చూడని ఇరువురు ఒకే సత్యమును చేరుకొనిరని లోకమునకు తెలిసినది పత్రికల వలననే.

విద్యుత్ పుటలు

అచ్చుపత్రికకు ఒక లోపము కలదు: ఆలస్యము. వ్యాసము పంపిన పిదప సంపాదకుడు చూచి, సాటి శాస్త్రజ్ఞులచే పరిశీలన చేయించి, అచ్చువేయించునప్పటికి నెలలు గడచును. అందుచే భౌతిక శాస్త్రజ్ఞులు ముద్రణకు ముందటి ప్రతులను తపాలాలో ఒకరికొకరు పంపుకొనుట అలవాటు చేసికొనిరి. అయితే ఆ ప్రతులు పెద్ద విద్యాలయములలోని వారికే చేరుచుండెను. దూరదేశములలో నున్నవారికి అందకుండెను.

1991 ఆగస్టులో అమెరికాలోని లాస్ ఆలమోస్ పరిశోధనాలయమున పాల్ గిన్స్‌పార్గ్ అను భౌతిక శాస్త్రజ్ఞుడు ఒక కంప్యూటరులో ఇట్టి ప్రతులను నిలువచేసి, కోరిన వారందరికి ఈమెయిలు ద్వారా ఉచితముగా అందు ఏర్పాటు చేసెను. తరువాత దానికి ఆర్కైవ్ అని పేరు వచ్చినది; 2001లో అది కోర్నెల్ విశ్వవిద్యాలయమునకు మారినది. 2022 నాటికి అందు చేరిన వ్యాసములు 20 లక్షలు దాటినవి. వ్రాసినవాడు రుసుము చెల్లింపనక్కరలేదు, చదువువాడును చెల్లింపనక్కరలేదు.

ఆ 1991 డిసెంబరులోనే, కాలిఫోర్నియాలోని స్టాన్‌ఫర్డ్ పరిశోధనాలయమున, ఐరోపాకు వెలుపల మొదటి వెబ్ కేంద్రము నెలకొన్నది. దానిని పెట్టినది వర్తకమునకు కాదు, వినోదమునకు కాదు. భౌతికశాస్త్ర వ్యాసముల పట్టికను అందరును వెదకికొనుటకు. ఆ కార్యమున ఒక శాస్త్రజ్ఞునితో బాటు అచటి గ్రంథాలయాధికారిణి లూయీస్ ఆడిస్ ప్రధానపాత్ర వహించిరి. నేడు లోకమంతయు అల్లుకొనిన ఆ వల అమెరికాలో మొదట కాలూనినది ఒక గ్రంథాలయ పట్టిక కొరకని వినుట గ్రంథాలయ మిత్రులకు సంతోషకరము కాకపోదు.

ఈ నూతన మార్గమున కెంత బలము కలదో పెరల్‌మన్ ఉదంతము తెలుపును. 1904లో పోయింకరే వేసిన గణిత ప్రశ్నకు దాదాపు నూరేండ్లు సమాధానము దొరకలేదు. 2002 నవంబరులో రష్యా దేశపు గ్రిగోరీ పెరల్‌మన్ తన సమాధానములోని మొదటి భాగమును ఆర్కైవులో పెట్టెను. మరుసటి యేడు మిగిలిన భాగములు పెట్టెను. ఏ పత్రికకును పంపలేదు. లోకమందలి గణితవేత్తలు కొన్ని యేండ్లు దానిని వరుసవరుసగా పరీక్షించి సరియేనని తేల్చిరి. 2006లో ఫీల్డ్స్ పతకమును, 2010లో పదిలక్షల డాలర్ల బహుమానమును ఆయన నిరాకరించెను. ప్రసిద్ధ పత్రిక యొక్క ముద్ర లేకున్నను, పదిమంది పరీక్షకు నిలిచినచో సత్యము సత్యమే యని దీనివలన తేలినది.

కాగితము పోయినను గోడ నిలిచినది

కాగితము, సిరా, తపాలా ఖర్చులు పోయినవి గదా, ఇక శాస్త్రము అందరికి చవుకగా లభించునని పలువురు ఆశించిరి. జరిగినది వేరు. రెండవ ప్రపంచ యుద్ధానంతరము పెక్కు శాస్త్రపత్రికలు వర్తక సంస్థల చేతిలోనికి పోయినవి. ప్రజాధనముతో పరిశోధన జరుగును. శాస్త్రజ్ఞులు వ్యాసములు ఉచితముగా వ్రాయుదురు. సాటివారు ఉచితముగా పరిశీలింతురు. ప్రచురణకర్తలు వానిని గ్రంథాలయములకు ఏటేట పెరుగు ధరకు అమ్ముదురు. 2012లో అమెరికాలోని హార్వర్డ్ విశ్వవిద్యాలయమువారు, పత్రికల చందాలకు ఏటా దాదాపు 37 లక్షల 50 వేల డాలర్లు అగుచున్నవనియు, ఇది తమవంటివారికిని భరింపరానిదనియు ప్రకటించిరి. సంపన్నుడే అప్పు చేయు ఇంట పేదవాని గతి చెప్పనేల?

ఆ గతి యెట్టిదో ఆఫ్రికాలోని లైబీరియా దేశము చూపినది. 1982లో కొందరు ఐరోపా పరిశోధకులు ఆ దేశప్రజల రక్తమును పరీక్షించి, ఎబోలా వ్యాధి సోకిన గుర్తులు కొందరిలో నున్నవని కనుగొనిరి. ఆ దేశమును ఎబోలా ప్రాంతములలో చేర్చవలెనని ఒక ఐరోపా పత్రికలో వ్రాసిరి. 2014లో ఆ మహమ్మారి లైబీరియా, గినీ, సియెర్రాలియోన్ దేశములను ముంచెత్తినది. 11 వేలకు పైగా జనులు మరణించిరి. ఎబోలా తమ దేశమున లేని వ్యాధి యని లైబీరియా వైద్యులు అంతవరకు భావించుచుండిరి. 2015 ఏప్రిల్‌లో ఆ దేశ ముఖ్య వైద్యాధికారిణి బెర్నీస్ డాన్ ఇద్దరు సహచరులతో కలిసి ఒక అమెరికా దినపత్రికలో ఈ సంగతి వెల్లడించిరి. అట్టి వ్యాసము నొకదానిని తెప్పించుకొనుటకు 45 డాలర్లు కావలెననియు, అది తమ దేశపు వైద్యుని అరవారపు జీతమనియు వ్రాసిరి. ఆ వ్యాసముల రచయితలలో లైబీరియా శాస్త్రజ్ఞు డొక్కడును లేడనియు తెల్పిరి.

పాఠకులు ఈ ఘట్టమున ఒక్క నిమిషము నిలిచి ఆలోచింపవలెను. రక్తము లైబీరియా ప్రజలది. ప్రాణభయము వారిది. సత్యము కనుగొనబడినది, అచ్చయినది, అలమరలో నిలువ చేయబడినది. ముప్పదిరెండేండ్లు కడచినను అది ఎవరికి కావలెనో వారికి మాత్రము చేరలేదు. ముద్రింపబడుట వేరు, అందుట వేరు. ముద్రణతోనే ప్రకటన ముగిసినదని తలచుట పొరపాటు.

తలుపులు తెరచుట, తెరచినచోట చిక్కులు

2002 ఫిబ్రవరి 14న బుడాపెస్టు నగరము పేర ఒక ప్రకటన వెలువడినది. పరిశోధన వ్యాసములు అంతర్జాలమున ఎల్లరకును ఉచితముగా లభింపవలెనని దాని సారాంశము. ఆ యుద్యమమునకే 'ఓపెన్ యాక్సెస్' అని పేరు. 2008 నుండి అమెరికా ప్రభుత్వ ఆరోగ్యసంస్థ తన ధనముతో జరిగిన పరిశోధనలను ఉచిత భాండారమున చేర్చవలెనని నిర్బంధించినది. సుబ్బారావు గారి 1925 నాటి వ్యాసము వెలువడిన జీవరసాయన పత్రిక 2021 నుండి పూర్తిగా ఉచితమైనది. భీమవరపు బిడ్డ బోస్టనులో వ్రాసినదానిని నేడు గోదావరి గట్టున కూర్చుండి చదువవచ్చును.

అయితే కొన్నిచోట్ల పాఠకుని యొద్ద ఎత్తివేసిన సుంకమును రచయితపై మోపిరి. 'నేచర్' పత్రికలో ఒక వ్యాసమును ఉచితముగా చదువనిచ్చుటకు 2021లో నిర్ణయించిన రుసుము 9,500 యూరోలు. మన దేశమున ఒక సామాన్య కళాశాల యుపాధ్యాయుడు దీనిని చెల్లింపగలడా? మరొక చిక్కు నకిలీ పత్రికలు. రచయిత రుసుము చెల్లించినచాలు, పరిశీలన లేకయే ప్రకటించువారు బయలుదేరిరి. హైదరాబాదు కేంద్రముగా నడచిన యొక ప్రచురణ సంస్థ ఇట్లు రచయితలను మోసగించినదని 2019లో అమెరికా న్యాయస్థానము నిర్ణయించి, 5 కోట్ల డాలర్లకు పైగా చెల్లింప నాజ్ఞాపించినది. ఇది మనము సిగ్గుపడవలసిన విషయము.

వేగమునకును రెండు ముఖములు కలవు. 2020 జనవరి 11న చైనా శాస్త్రజ్ఞుడు జాంగ్ యోంగ్‌జెన్ బృందమువారు కనుగొనిన కరోనా క్రిమి యొక్క జన్యుక్రమము అంతర్జాలమున ప్రకటింపబడెను. ఆ క్రిమిని కంటితో చూడకమునుపే దూరదేశములవారు టీకా పని నారంభించిరి; ఆ సంవత్సరము డిసెంబరు నాటికే టీకాలు వేయుట మొదలైనది. ఇది వేగము వలని మేలు. అదే జనవరి చివర ఢిల్లీ పరిశోధకులు కొందరు ఆ క్రిమికి, ఎయిడ్స్ క్రిమికి పోలికలు కలవని ఒక వ్యాసము పెట్టిరి. లోకమందలి శాస్త్రజ్ఞులు వెంటనే తప్పులు చూపగా, కొద్ది దినములలోనే దానిని ఉపసంహరించుకొనిరి. కాని ఆలోపల వదంతి ఊరూర పాకినది. పరిశీలన జరిగిన పత్రికలైన సురక్షితమా యన్న, అదియును కాదు. 1823లో స్థాపితమైన 'లాన్సెట్' వైద్యపత్రిక 2020 మే 22న హైడ్రాక్సీక్లోరోక్విన్ మందును గూర్చి ప్రకటించిన వ్యాసమును, ఆధారములు నమ్మదగినవని తేలనందున, జూన్ 4న ఉపసంహరింపవలసి వచ్చెను. తప్పు ఎక్కడనైనను జరుగును. తప్పును పదిమంది యెదుట చూపి దిద్దుకొనుటయే శాస్త్రమున కాచారము.

ఇక నిలువ సంగతి. తాళపత్రము రెండు మూడు వందల యేండ్లు మన్నును. విద్యుత్ పుట, దానిని పోషించువాడు లేనినాడు, ఒక్క రాత్రిలో మాయమగును. 2000–2019 మధ్య 174 ఉచిత పత్రికలు అంతర్జాలమునుండి అదృశ్యమైనవని పరిశోధకులు లెక్కకట్టిరి. కావున పెక్కుచోట్ల ప్రతులను భద్రపరచుట యను గ్రంథాలయముల ప్రాచీన ధర్మము నేడును తప్పలేదు.

మన గ్రామ గ్రంథాలయము మాట

2024 నవంబరు 25న కేంద్ర మంత్రివర్గము 'వన్ నేషన్ వన్ సబ్‌స్క్రిప్షన్' అను పథకము నామోదించినది. మూడేండ్లకు 6,000 కోట్ల రూపాయలు. 30 ప్రచురణ సంస్థలకు చెందిన దాదాపు 13,000 పత్రికలు. 6,300 ప్రభుత్వ విద్యాసంస్థలు, పరిశోధన సంస్థలు. ఇంచుమించు 1 కోటి 80 లక్షల విద్యార్థులు, అధ్యాపకులు, పరిశోధకులు దీనిలో చేరిరి. ఇది మిక్కిలి మెచ్చదగిన పని. కాని ఈ పట్టికలో గ్రామ గ్రంథాలయము లేదు. చదువు ముగించుకొని ఇంటికి వచ్చిన పట్టభద్రుడు, ఊరి వైద్యుడు, పంట తెగులును గూర్చి తెలిసికొనగోరు రైతు ఆ గడపకు వెలుపలనే యుందురు. కళాశాలను విడిచిననాడే మనుష్యునకు శాస్త్రముతో పని తీరిపోవునా?

1931లో ఎస్. ఆర్. రంగనాథన్ గారు గ్రంథాలయ శాస్త్రమునకు ఐదు సూత్రములు ఏర్పరచిరి. ప్రతి పాఠకునకు వాని గ్రంథము, ప్రతి గ్రంథమునకు దాని పాఠకుడు లభింపవలెనన్నవి అందు ముఖ్యములు. విద్యుత్ పుటకును ఈ సూత్రములు వర్తింపవలెను. ప్రభుత్వము పథకమును విస్తరించి పౌర గ్రంథాలయములకు ప్రవేశము కల్పింపవలెనని మనము అడుగవలెను. అంతవరకు చేతులు ముడుచుకొని కూర్చుండ బనిలేదు. తెరచిన తలుపులు ఇప్పటికే చాల కలవు. 'శోధ్‌గంగ' భాండారమున మన విశ్వవిద్యాలయములతో సహా దేశమందలి ఐదు లక్షలకు పైగా పరిశోధన గ్రంథములు ఉచితముగా నున్నవి. భారతీయ విజ్ఞాన అకాడమీ పత్రికలు ఉచితముగా లభించుచున్నవి. ఒక కంప్యూటరు, ఒక అంతర్జాల సంబంధము, చూపుటకు ఓర్పు గల యొక గ్రంథపాలకుడు ఉన్నచాలు.

గ్రంథపాలకుని పని ఇపుడు పుస్తకము తీసియిచ్చుటతో ముగియదు. చేతిఫోనులో దినదినము వచ్చిపడు 'శాస్త్రజ్ఞులు కనుగొనిరి' అను వార్తలను జల్లెడ పట్టుట పాఠకులకు నేర్పవలెను. ఎవరు కనుగొనిరి? ఏ పత్రికలో ప్రకటించిరి? సాటివారు పరీక్షించిరా? తరువాత ఉపసంహరించుకొనిరా? ఈ నాలుగు ప్రశ్నలు అడుగ నేర్చిన గ్రామము వదంతులకు సులభముగా లొంగదు.

చివరి తలుపు భాష. వ్యాసము ఉచితమైనను ఇంగ్లీషులో నున్నంతకాలము మన పాఠకులలో పెక్కుమందికి అది మూసినదే. కొమర్రాజు లక్ష్మణరావు గారు మొదలగువారు 1906లో హైదరాబాదున విజ్ఞాన చంద్రికా మండలిని స్థాపించి, చరిత్రతో బాటు శాస్త్రములను తెలుగున అచ్చువేయించినది ఈ తలుపు తెరచుటకే. డెల్ఫ్ట్ వర్తకుని మాట అనువాదమువలన పండితులకు చేరినట్లే, నేటి పండితుల మాట అనువాదమువలన మన వర్తకునకు, రైతునకు చేరవలెను. నెలకొక్క మంచి పరిశోధనను ఏరి, తేట తెలుగున వివరించి, సాయంకాలము గ్రంథాలయపు అరుగుపై చదివి వినిపింపగల యువకులు, యువతులు మన యూరనే కలరు. వారు పూనుకొనవలెను.

ఇరువదియైదేండ్లుగా ఈ గ్రంథాలయము పుస్తకమును పాఠకుని చేతికి అందించుచు వచ్చినది. రానున్న ఇరువదియైదేండ్లలో శాస్త్రవార్తను కూడ నిజమైనదిగా, ఉచితముగా, మన భాషలో అందించి, స్వర్ణోత్సవము నాటికి ఈ కార్యము నెరవేర్చుకొనునని ఆశించుచు, చందాదారులకు, కార్యకర్తలకు నా శుభాకాంక్షలు తెలుపుకొనుచున్నాను.